పుల్లరి అంటే ఏంది? కాటమరాజు ఆవుల నుంచి మన బంచరాయి దాకా



ఈసారి పోస్టు జర పొడుగే ఉంటది. కోతలు అయిపోయినయి, కల్లాల పని కూడా ఒడిసింది కాబట్టి తీరుబాటుగా చదువుండ్రి. ఒక్క మాట గురించి రాస్తున్న. ఆ మాట పుల్లరి.

మన బాలాపూర్ దిక్కు అరవై ఏండ్లు దాటినోళ్లను అడిగితే ఈ మాట తెలుసు అంటరు. ఇంటర్ చదివే పిల్లగాన్ని అడిగితే పుల్లగా ఉండేదేదో అనుకుంటడు. ఆవులు, బర్లు, గొర్లు మేసిన గడ్డికి కట్టే పన్నును పుల్లరి అంటరు. చూస్తే చిన్న మాటే. కానీ ఈ మాట వెనుక ఏడు వందల ఏండ్ల సంగతి ఉంది, రెండు మూడు యుద్ధాలున్నయి, మన ఊరి భూముల లెక్క కూడా ఉంది. అందుకే దీన్ని మొదటినుంచి చెప్పాలనిపించింది.

ముందు మాటను విడదీసి చూద్దాం. పాత తెలుగులో "పులు" అంటే గడ్డి. మన పక్కనున్న కన్నడపోళ్లు ఇప్పటికీ గడ్డిని హుల్లు అంటరు, తమిళపోళ్లు పుల్ అంటరు. మనం మాత్రం గడ్డి అనే మాటకు అలవాటుపడి పులును మర్చిపోయినం. ఇక "అరి" అంటే కప్పం, పన్ను. పన్ను కట్టే రైతును పాత పుస్తకాల్లో అరిగాపు అనేటోళ్లు. అంటే కాపు అనే మాటకు ముందల పన్ను తగిలించి పిలిచిండ్రన్నమాట. రైతును చూడంగనే దొరవారికి ముందు పన్నే యాదికొచ్చేది కావచ్చు! పులు, అరి కలిస్తే పుల్లరి. ఇట్లనే ఇంటికి కట్టే పన్నుకు ఇల్లరి అని పేరు. కాకతీయుల కాలపు పన్నుల పేర్లలో ఇల్లరి, పుల్లరి రెండూ వినిపిస్తయి. ఇల్లరి పోయి ఇంటిపన్ను అయ్యింది. పుల్లరి మాత్రం ఆ పేరుతోనే ఇంగ్లీషోళ్ల కాలం దాకా బతికింది. ఎందుకు బతికిందంటే దానికొక కథ తోడుంది. ఆ కథ కాటమరాజు కథ.

కాటమరాజు కథ మన గొల్లోళ్లకు కొత్తగా చెప్పనక్కర్లేదు. తెలంగాణల మందెచ్చులోళ్లు గొల్లల ఇండ్లకు వచ్చి ఈ కథ చెప్తరు. ఆంధ్ర దిక్కు కొమ్ములోళ్లు కొమ్ము ఊది పాడుతరు. కథ చెప్పేటోళ్లు గొల్లోళ్లు కాదు, కానీ గొల్లోళ్ల కథను తరతరాలుగా నోట్లో పెట్టుకుని కాపాడింది వాళ్లే. 1970ల్లో తంగిరాల వెంకట సుబ్బారావు గారు ఈ కథలన్నీ కూడబెట్టి పుస్తకాలుగా తెచ్చిండ్రు. అంతకుముందు ఇది చాలావరకు నోటిమాటే, తాటాకు మాటే.

కథ తెల్వనోళ్ల కోసం పొట్టిగ చెప్త.

కాటమరాజు యాదవుల దొర. శ్రీశైలం, కనిగిరి దిక్కు లెక్కపెట్టలేనన్ని ఆవులు ఆయనకు. ఒకసారి పెద్ద కరువొచ్చింది. వానల్లేవు, గడ్డి ఎండింది, చెలిమల నీళ్లింకినయి. ఆవుల్ని బతికించుకోవాల్నంటే తూర్పుకు, సముద్రం దిక్కు, నెల్లూరు సీమకు తోలాలె. ఆ సీమ నల్లసిద్ధి రాజుది. కాటమరాజు పోయి రాజుతో ఒప్పందం చేసుకున్నడు. నీ సీమల మా ఆవులు మేస్తయి, నీళ్లు తాగుతయి, దానికి బదులు ఆవులకు పుట్టిన కోడెదూడలు నీకిస్తం అని. ఇదే పుల్లరి. పైసల్లో కాదు, దూడల్లో.

ఇది రెండు దిక్కులా న్యాయంగ కనిపించే ఒప్పందమే. గొల్లోళ్లకు పెయ్యదూడలు కావాలె, మంద పెరగాల్నంటే అవే. రాజుకు కోడెలు కావాలె, ఆయన సీమల దున్నేటోళ్లకు ఎడ్లుండాలె కద. ఒకరికి అక్కరలేంది ఇంకొకరికి అక్కరకొస్తది. మంచి ఒప్పందం అంటే గట్లనే ఉంటది.

మరి తగాదా ఎక్కడ వచ్చింది? ఇక్కడ చెప్పేటోళ్లను బట్టి కథ మారుతది. రాజు ఉంపుడుగత్తె పెంచుకున్న చిలుక చచ్చిందని, ఆ కోపంతో ఆమె మనుషులు ఆవుల మీద పడి చంపిండ్రని చాలామంది పాడుతరు. నీ సీమల మా ఆవులకు రక్షణ లేనప్పుడు నీకు పుల్లరి ఎందుకు కట్టాలె అని కాటమరాజు అడ్డం తిరిగిండు. రాజు దిక్కునుంచి చూస్తే లెక్క వేరు. గడ్డి మేసిండ్రు, నీళ్లు తాగిండ్రు, ఇప్పుడు కోడెలు ఇయ్యమంటున్నరు, ఇది మాట తప్పుడే. ఇద్దరూ న్యాయం మాదే అన్నరు. పాలేరు ఒడ్డున ఎర్రగడ్డపాడు దగ్గర యుద్ధమైందని పాటలు చెప్తయి.

ఈ యుద్ధంలనే ఖడ్గతిక్కన కథ వస్తది. ఈయన నెల్లూరు రాజు సేనాపతి. మహాభారతం రాసిన కవి తిక్కనకు దగ్గరి చుట్టం. ఖడ్గతిక్కన ఒకసారి యుద్ధంల ఓడి ఇంటికొచ్చిండట. భార్య చానమ్మ ఏమీ అనలేదు. స్నానానికి నీళ్లు తోడి, మంచం అడ్డం పెట్టి, పసుపు ముద్ద దగ్గర పెట్టిందట. ఆడోళ్లకు పెట్టినట్టు. తల్లి అన్నంల విరిగిన పాలు పోసిందట. పాలు కూడా విరిగినయి ఏందమ్మా అంటే, నువ్వు విరిగొచ్చినవు, ఆవులు విరిగినయి, పాలు విరగవా అన్నదట. ఆ మాటకు తిక్కన మళ్లీ యుద్ధానికి పోయి అక్కడే ప్రాణం ఇడిసిండు. ఈ కథ స్కూల్ల చదువుకున్నోళ్లు చాలామందే ఉంటరు. కానీ ఆ యుద్ధం దేనికోసం అని అడిగితే చెప్పేటోళ్లు తక్కువ. దేశం కోసం అనుకుంటరు. అది గడ్డి కోసం జరిగిన యుద్ధం. పుల్లరి కోసం జరిగిన యుద్ధం.

ఇండ్ల ఏది చరిత్ర, ఏది కథ అని అడిగేటోళ్లుంటరు. అడగాల్సిందే. నెల్లూరు తెలుగు చోడులు నిజం, వాళ్ల రాజు మనుమసిద్ధి నిజం, ఆయన కొలువుల కవి తిక్కన ఉన్నది నిజం. మనుమసిద్ధి గద్దె పోగొట్టుకుంటే తిక్కన మన ఓరుగల్లుకు వచ్చి కాకతీయ గణపతిదేవున్ని సాయం అడిగిండని, గణపతిదేవుడు సాయం చేసి మళ్లీ గద్దె ఎక్కించిండని చెప్తరు. ఇదంతా 13వ శతాబ్దం. పాటల్లోని నల్లసిద్ధి ఈ మనుమసిద్ధే అని కొందరు, ఆ వంశంల ఇంకో సిద్ధి అని కొందరు అంటరు. చిలుక, విరిగిన పాలు, ఇవన్నీ పాటల్లోని మాటలు. వాటికి శాసనం ఉండదు. కానీ కథకు అడుగున ఉన్న సంగతి మాత్రం గట్టిదే. కరువుల మంద కదులుతది, కదిలిన మంద ఇంకొకరి నేల మీద మేస్తది, ఆ మేతకు ధర ఎంత, ఆ ధర ఎవరు నిర్ణయిస్తరు? ఈ ప్రశ్న ఏ శాసనంల లేకున్నా ప్రతి ఊరి పొలిమేరల ఉంది.

ఇది మన ఒక్క దేశం సంగతే అనుకోవద్దు. అదే 13వ శతాబ్దంల ఇంగ్లాండుల 1217లో అడవుల గురించి ఒక ఒప్పంద పత్రం వచ్చింది. రాజు అడవుల్ల మామూలు మనుషులు పశువుల్ని మేపుకునే హక్కులు దాంట్ల రాసిండ్రు. స్పెయిన్ల 1273లో అల్ఫోన్సో రాజు గొర్ల కాపరుల సంఘానికి పత్రం రాసిచ్చిండు, మందలు ఒక సీమనుంచి ఇంకో సీమకు పోయే బాటలకు రక్షణ ఇచ్చిండు. వాళ్ల దగ్గర కాగితం మీద రాసుకున్నరు. మన దగ్గర పాటల్ల పాడుకున్నరు. సమస్య మాత్రం ఒక్కటే.

సరే, రాజులు పోయిండ్రు, ఇంగ్లీషోళ్లు వచ్చిండ్రు. రాజుల కాలంల పుల్లరి ఉన్నా, అడవి ఎవరిది అంటే దాదాపు అందరిదీ అనే లెక్క నడిచేది. ఇంగ్లీషోళ్లు 1882లో మద్రాసు అడవుల చట్టం తెచ్చిండ్రు. దాంతోని అడవికి గీత గీసిండ్రు. గీత లోపల అడవి సర్కారుది. అందుల పశువు అడుగు పెట్టాల్నంటే పైసలు కట్టి చీటీ తీసుకోవాలె. చీటీ లేకుంటే పశువుల్ని బందెలదొడ్డికి తోల్తరు. కాటమరాజు కాలంల రాజుకు కోడెదూడ ఇచ్చిన గొల్లోడు, ఇప్పుడు ఫారెస్టోళ్లకు రూకలు కట్టాలె. పేరు మాత్రం అదే, పుల్లరి.

ఒక తేడా చూడుండ్రి. మంద పెరిగితే కోడెలు ఎక్కువ పుడతయి, రాజు వాటా పెరుగుతది. కరువొచ్చి మంద తగ్గితే రాజు వాటా కూడా తగ్గుతది. అంటే లాభనష్టాలు ఇద్దరూ పంచుకున్నట్టు. రూకల పుల్లరికి ఆ దయ లేదు. వానలు పడ్డా పడకున్నా, ఆవు ఈనినా ఈనకున్నా, తలకు ఇంత అని కట్టాల్సిందే. పన్ను దూడలనుంచి రూకలకు మారినప్పుడే దాని గుణం మారింది.

1921లో గాంధీ గారి సహాయ నిరాకరణ దేశమంతా నడుస్తున్నప్పుడు పల్నాడుల రైతులు పుల్లరి కట్టం అన్నరు. దుర్గి దగ్గర మించాలపాడు రైతు కన్నెగంటి హనుమంతు ముందు నిలబడ్డడు. పుల్లరి వసూలుకు వచ్చిన సర్కారోళ్లకు ఊర్లల్ల ఎవ్వరూ ఏమీ అమ్మలేదు, పని చెయ్యలేదు. మంగలి, చాకలి కూడా సహకరించలేదు. సర్కారు పోలీసుల్ని దించింది. 1922 ఫిబ్రవరిల హనుమంతు పోలీసు తుపాకులకు బలయ్యిండు. అదే ఫిబ్రవరిల చౌరీచౌరా సంగతి జరిగి గాంధీ గారు ఉద్యమాన్ని ఆపిండ్రు. దేశంల ఉద్యమం ఆగింది కానీ పల్నాడుల ఒక రైతు ప్రాణం గడ్డి కోసం పోయింది. ఈ పల్నాడు సత్యాగ్రహంల జైలుకు పోయిన ఉన్నవ లక్ష్మీనారాయణ గారే జైల్ల కూర్చుని మాలపల్లి నవల రాసిండ్రు. చూసిండ్రా, ఒక గడ్డి పన్ను ఎక్కడెక్కడికి పోయిందో.

పల్నాడు కంటే కాటమరాజు కథ జరిగిన సీమ ఎంతో దూరం లేదు. ఆ మాట వినంగనే అక్కడి రైతులకు పాట యాదికి వచ్చి ఉంటది. పుల్లరి అంటే వాళ్లకు ఒట్టి లెక్కల పుస్తకంల మాట కాదు. ఒకప్పుడు ఒకాయన కట్టనన్నడు, యుద్ధం చేసిండు అని చిన్నప్పటినుంచి విన్న మాట. పాటకు ఉండే బలం గదే.

గోదావరి దిక్కు మన్యంల గూడా ఇదే తీరు. 1879ల రంప తిరుగుబాటుకు కారణాల్ల ఒకటి చిగురు పన్ను, అంటే కల్లు గీసుకుంటే పన్ను. 1922లో అల్లూరి సీతారామరాజు వెనుక మన్యపోళ్లు నడిచింది కూడా అడవిల పోడు, మేత, కట్టె మీద పెట్టిన ఆంక్షల కోసమే.

ఇక మన నైజాం సంగతి. ఇంగ్లీషోళ్ల చట్టం మనకు లేకున్నా, నైజాం సర్కారు కూడా అదే బాట పట్టింది. ఆదిలాబాద్ అడవుల్ల గోండులు పశువులు మేపుకున్నందుకు, కట్టెలు తెచ్చుకున్నందుకు బంబ్రాం, దూపపెట్టి అని పన్నులు వసూలు చేసిండ్రు. పేరు పుల్లరి కాదు కానీ పని అదే. కొమురం భీం తిరగబడింది ఈ బాధలకే. 1940లో జోడేఘాట్ దగ్గర పోలీసులు ఆయన్ని కాల్చి చంపిండ్రు. ఆ తర్వాత గోండుల బాధలు ఏందో తెలుసుకుని రమ్మని నైజాం సర్కారు హైమెండార్ఫ్ అనే పరిశోధకున్ని పంపింది. అంటే ముందు కాల్చిండ్రు, ఆ తర్వాత అడిగిండ్రు. జల్, జంగల్, జమీన్ అనే మాట ఇయాల గోడల మీద రాస్తున్నం. ఆ మూడు మాటల్ల నడిమిట్ల ఉన్న జంగల్ల గడ్డి కూడా ఉందని యాది ఉంచుకోవాలె.

ఇప్పుడు మన ఊర్ల మాటలకు వద్దాం. మన దిక్కు పుల్లరి అనే మాటకంటే బంచరాయి, గైరాన్, కంచ అనే మాటలు ఎక్కువ. బంచరాయి అంటే ఊరందరి పశువులు మేసే బీడు. గైరాన్ మరాఠీ దిక్కునుంచి వచ్చిన మాట. గాయ్ అంటే ఆవు, రాన్ అంటే అడవి బీడు. నైజాంల మరాఠ్వాడా, తెలంగాణ ఒక్కటిగ ఉన్నయి కాబట్టి ఆ మాట మన పహాణీలల్లకు ఎక్కింది. కంచ అంటే గడ్డి పెంచే బీడు. ఇయాల పట్నంల కంచ అనే పేరు ఎక్కడ కనిపించినా అక్కడ ఒకప్పుడు పశువులు మేసినట్టే లెక్క.

మన బాలాపూర్ మండలంలనే కుర్మల్‌గూడ ఉంది. పేరే చెప్తుంది, కుర్మోళ్ల గూడెం. గొర్లు లేకుండా కుర్మోళ్లు ఉండరు, మేత లేకుండా గొర్లు ఉండవు. ఊరి పేరు పెట్టిన కాలంల ఆ చుట్టుపక్కల గుట్టలు, బీడ్లు ఎంత ఉండెనో ఊహించుకోవచ్చు.

ఇంకొక మాట ఉంది, పోరంబోకు. ఇది తమిళంనుంచి వచ్చింది. పురం అంటే బయట. శిస్తు లెక్కకు బయట ఉన్న భూమి అని అర్థం. చెరువు, బాట, శ్మశానం, మేత బీడు, ఇవన్నీ పోరంబోకు. అంటే ఊరందరిదీ. కానీ ఇప్పుడు పోరంబోకు అంటే ఏమనుకుంటున్నం? పనిలేకుండా తిరిగేటోన్ని తిట్టే తిట్టు. సర్కారు శిస్తు రాని భూమిని పనికిరాని భూమి అన్నది, మనం ఆ మాటను పట్టుకుని పనికిరాని మనిషికి పెట్టినం. అందరి భూమికి ఉన్న పేరు తిట్టయిన నాడే ఆ భూమి పోవుడు మొదలయ్యింది అని నాకనిపిస్తది. దేన్ని మనం తిడుతమో దాన్ని కాపాడుకోం.

పుల్లరికి ఉల్టా లెక్క కూడా ఒకటి మన దగ్గరనే ఉంది. అది మంద పెట్టిచ్చుడు. కోతలయినంక పాలమూరు దిక్కునుంచి గొర్ల మందలు వస్తయి. మన చేన్ల కొయ్యకాళ్లు మేస్తయి, రాత్రి అక్కడనే మంద పెడతరు. గొర్ల పెంట, మూత్రం చేనుకు ఎంత బలమో మనకు తెలుసు. దానికి గొల్లోడు మనకు పైసలు ఇయ్యడు, మనమే గొల్లోనికి గింజలో పైసలో ఇస్తం. ఆలోచించుండ్రి. రాజు ఏమన్నడు? నా గడ్డి మేసినవు, నాకు పన్ను కట్టు అన్నడు. రైతు ఏమంటడు? నా చేన్ల మేసి పెంట పెట్టినవు, ఇంద నీకు గింజలు అంటడు. గడ్డి అదే, జీవం అదే. ఒకరు తీసుకున్నరు, ఇంకొకరు ఇస్తున్నరు. ఎందుకీ తేడా? రాజుకు గడ్డి ఒక్కటే కనిపించింది, భూమి బలం కనిపించలేదు. భూమి దున్నేటోనికి మాత్రం గడ్డి, జీవం, పెంట, పంట ఒక చక్రం లెక్క కనిపిస్తది.

నా మటుకు నేను రెండెకరాలోన్ని. రెండు బర్లున్నయి. చిన్నప్పుడు పొద్దుగాల పశువుల్ని ఇడిస్తే గుట్ట దిక్కు పోయి మాపటికి అవే ఇంటికొచ్చేవి. ఎండాకాలంల చెరువు శిఖంల నీళ్లు దిగినకాడ పచ్చగడ్డి మొలిచేది, ఊరి పశువులన్నీ అక్కడనే. ఇప్పుడు ఆ జాగల్ల ప్లాట్ల రాళ్లు, ప్రహరీ గోడలు. వరిగడ్డి మోపు కొనుక్కొచ్చి వేస్తున్న. పాల పైసల్ల సగం మేతకు, దాణాకే పోతయి. ఇయాల పుల్లరి అడిగేటోడు లేడు. ఎందుకంటే మేపేటందుకు గడ్డే లేదు. పుల్లరి పోయింది అని సంబరపడే పని లేదు, పుల్లే పోయింది.

2017 జూన్ల గొల్లకుర్మోళ్లకు గొర్ల పంపిణీ పథకం వచ్చింది. ఒక్కొక్కరికి 20 గొర్లు, 1 పొట్టేలు. లక్షా 25 వేల రూపాయల యూనిట్, అందుల 75 శాతం సబ్సిడీ. మంచిదే. జీవాలు లేనోనికి జీవాలు వచ్చినయి. కానీ జీవం ఇచ్చినప్పుడు దానికి మేత జాగ ఎక్కడ అని అడగాలె కద. పల్లెటూర్లల్ల ఎట్లనో నడుస్తది. పట్నం ఒడ్డుకు ఉన్న మనలాంటి ఊర్లల్ల 21 జీవాల్ని రోడ్డు పక్కన, లేఅవుట్ల ఖాళీ ప్లాట్లల్ల మేపాల్సి వస్తుంది. ప్లాటాయన వచ్చి వెళ్లగొడతడు. కాటమరాజు కనీసం ఒక రాజును అడిగిండు. మన గొల్లోడు ఎవర్ని అడగాలె?

బాలాపూర్ అంటే లోకానికి లడ్డు యాదికొస్తది. 1994లో 450 రూపాయలకు మొదలైన వేలం, 2024లో 30 లక్షలు దాటింది. ఆ లడ్డు పాడుకున్నోళ్లు చుట్టాలకు పంచి, పొలంల కూడా చల్లుకునుడు మన ఆనవాయితీ. పంట మంచిగ రావాల్నని. అంటే ఎంత పట్నం వచ్చి మీద పడ్డా, మన మనసుల్ల ఇంకా పొలమే ఉంది. లడ్డు చల్లేటందుకన్న పొలం మిగలాలె, ఆ పొలానికి పెంట ఇయ్యనీకి పశువు మిగలాలె, పశువుకు బీడు మిగలాలె. ఒకదాని వెనుక ఒకటి.

మరి మనం ఏం చెయ్యొచ్చు? ఒట్టి బాధ చెప్పి పోస్టు ముగించుడు నాకు నచ్చదు. మూడు సంగతులు రాస్త.

ఒకటి. మన ఊరి మేత భూమి ఎంత ఉండెనో ముందు మనకు తెల్వాలె. తెలంగాణల 1954-55 ఖాస్రా పహాణీ పాత రికార్డుల్ల ముఖ్యమైంది. దానికంటే పాతది సేత్వార్. ఊరి నక్షా కూడా ఉంటది. వీటిల్ల గైరాన్, కంచ, బంచరాయి, శిఖం అని ఏ సర్వే నంబర్ల కింద రాసి ఉందో చూడాలె. నకలు కోసం తహసీల్ ఆఫీసుల దరఖాస్తు పెట్టొచ్చు. ఇయ్యకుంటే 2005 సమాచార హక్కు చట్టం కింద అడగొచ్చు. నోటితో మా తాతల కాలంనుంచి మేసినం అంటే ఎవ్వరూ వినరు, సర్వే నంబర్ చెప్తే వింటరు.

రెండు. 2011 జనవరి 28న సుప్రీంకోర్టు జగ్‌పాల్ సింగ్ కేసుల ఒక తీర్పు ఇచ్చింది. అది పంజాబుల ఒక ఊరి చెరువు కబ్జా కేసు. కానీ తీర్పుల దేశంల అన్ని రాష్ట్రాలకు చెప్పింది. ఊరి ఉమ్మడి భూముల్ని కబ్జా చేసినోళ్లను ఖాళీ చేయించి, ఆ భూమిని మళ్లీ ఊరికి అప్పజెప్పేటందుకు పథకాలు తయారు చెయ్యమన్నది. ఎన్ని ఏండ్లనుంచి కబ్జాల ఉన్నా, ఎన్ని పైసలు పెట్టి ఇండ్లు కట్టినా అది సాకు కాదన్నది. ఈ తీర్పు పేరు మన జేబుల ఉండాలె. దరఖాస్తు రాసినప్పుడు ఈ పేరు రాయుండ్రి.

మూడు. అడవికి దగ్గర ఉన్న ఊర్ల అన్నలకు. 2006 అటవీ హక్కుల చట్టంల మేత హక్కు కూడా ఉంది. ఊరూరు తిరిగి మేపుకునే సంచార కాపరుల హక్కును కూడా ఆ చట్టం ఒప్పుకుంటది. ఇది కాటమరాజుకు దొరకని కాగితం. పోడు పట్టాల గురించి అందరికీ తెలుసు, మేత హక్కు గురించి అడిగేటోళ్లు తక్కువ. గ్రామసభల అడగాలె.

చివరకు మళ్లీ మాట దగ్గరికే వస్త. పుల్లరి అనే ఒక్క మాట ఎన్ని అర్థాలు మార్చిందో చూడుండ్రి. ముందు అది ఒక ఒప్పందం. గడ్డి ఇచ్చినోడు, మేపుకున్నోడు ఎదురెదురుగ కూసొని మాట్లాడుకున్నది. తర్వాత అది ఒక యుద్ధం. ఆ తర్వాత ఇంగ్లీషోళ్ల చీటీ, దాని మీద పల్నాడు రైతు నెత్తురు. ఇయాల అది నిఘంటువుల ఒక పాత మాట. మాట పాతగయ్యింది కానీ లెక్క తేలలేదు. అందరి గడ్డికి ధర ఎవరు కట్టాలె, ఎవరికి కట్టాలె అనే లెక్క కాటమరాజు కాలంనుంచి అట్లనే ఉంది.

పిల్లలకు ఖడ్గతిక్కన కథ చెప్పేటప్పుడు విరిగిన పాల దగ్గర ఆపకుండ్రి. ఆ యుద్ధం దేనికోసమో కూడా చెప్పుండ్రి. ఈసారి మందెచ్చులోళ్లు మీ ఊరికి వస్తే కూసొని పూర్తిగ వినుండ్రి. పది రూపాయలు ఎక్కువ ఇయ్యుండ్రి. మన పుల్లరి చరిత్రను ఏడు వందల ఏండ్లు మోసింది వాళ్ల గొంతులే.

మీ ఊర్లల్ల మేత బీడును ఏమంటరు? బంచరాయా, కంచనా, గైరానా, ఇంకేదన్న పేరు ఉందా? మంద పెట్టిస్తే గొల్లోళ్లకు గింజలు ఇస్తున్నరా, పైసలు ఇస్తున్నరా? కింద రాయుండ్రి. అన్ని ఊర్ల పేర్లు ఒక్కతాన కూడబెడితే అది కూడా ఒక రికార్డే అయితది.

మళ్లీ కలుద్దాం. అందరూ మంచిగుండాలె, పశువులు మంచిగుండాలె.